గప్పీలకు మేత ఎంత వేయాలి, ఎన్నిసార్లు వేయాలి?

ప్రశ్న: గాజుతొట్టి (హైదరాబాద్)

మా ఇంట్లో రెండడుగుల పొడవు, అడుగు వెడల్పు, అడుగు ఎత్తు ఉన్న తొట్టిలో గప్పీలను పెంచుతున్నాము. నాలుగు మగ చేపలు, ఎనిమిది ఆడ చేపలు ఉన్నాయి. ఇవి కాక ఇటీవల పుట్టిన పిల్లలు కొన్ని నాచు మొక్కల మధ్య తిరుగుతున్నాయి. తొట్టిలో సుమారు 45 లీటర్ల బోరు నీళ్లు ఉంటాయి, స్పాంజి ఫిల్టర్ రాత్రింబగళ్లు నడుస్తుంది. దుకాణంలో ఇచ్చిన ఎర్ర, ఆకుపచ్చ గుళికలే ఇప్పటివరకు వేస్తున్నాము.

మేత డబ్బా మీద రోజుకు రెండు మూడు సార్లు వేయవచ్చునని ఉంది కాని, ఒక్కోసారి ఎంత వేయాలో అర్థమయ్యేలా లేదు. ఎవరు తొట్టి దగ్గరికి వెళ్లినా చేపలన్నీ అద్దం దగ్గర గుమిగూడి పైకీ కిందికీ ఆడుతుంటే, ఆకలిగా ఉన్నాయేమోనని ఇంట్లో ప్రతివారూ తలా ఒక చిటికెడు వేస్తున్నారు. సాయంత్రం ఇలా జరిగిన మర్నాడు ఉదయానికి నీళ్లు పాలు కలిపినట్లు తెల్లబడుతున్నాయి. గుళికలకు బదులు మరమరాలు నలిపి వేస్తే సరిపోతుందని మా నాన్నగారు అంటున్నారు. సంక్రాంతికి మేము వారం రోజులు ఊరు వెళ్తాము. అప్పుడు వీటి సంగతి ఏమిటన్నది మరొక సందేహం. పిల్లలకు వేరే మేత అవసరమా అన్నది కూడా అనుభవం ఉన్నవారు చెప్పగలరని ఆశిస్తున్నాను.

జవాబు 1: కృష్ణాతీరం (విజయవాడ)

మీ ప్రశ్నలన్నిటికీ మూలం ఒక్కటే. చేప అడిగినంత మేత వేయకూడదు, తొట్టి భరించగలిగినంతే వేయాలి. గప్పీ ఎప్పుడూ అడుగుతూనే ఉంటుంది. దక్షిణ అమెరికా ఈశాన్య ప్రాంతంలోనూ, ట్రినిడాడ్ దీవిలోనూ ఉన్న వాగులు, కాలువలు దాని పుట్టిల్లు. అక్కడ అది పొద్దస్తమానం రాళ్ల మీది పాచిని గీరుకుంటూ, చిన్న చిన్న పురుగులను, లార్వాలను ఏరుకుంటూ బతుకుతుంది. మనకున్నట్లు ఆహారాన్ని నిలవ ఉంచుకునే జీర్ణాశయం దానికి లేదు. తిన్నది నేరుగా పేగులోకి పోతుంది. అందువల్ల ఒకేసారి ఎక్కువ తిని అరిగించుకోవడం దానికి సాధ్యం కాదు, కొంచెం కొంచెంగా పలుమార్లు తినడమే దాని తీరు. అద్దం దగ్గర అది ఆడే ఆట ఆకలికి గుర్తు కాదు. మనిషి వస్తే మేత వస్తుందని అది నేర్చుకుందనడానికి గుర్తు.

పెద్ద చేపలకు ఉదయం ఒకసారి, సాయంత్రం ఒకసారి వేస్తే చాలు. ఒక్కో విడతకు రెండు నిమిషాల్లో పూర్తిగా తినగలిగినంతే వేయండి. దీన్ని తేల్చుకోవడానికి మొదట నాలుగైదు గుళికలు వేసి, అవి అయిపోయాక మరికొన్ని వేస్తూ గడియారం చూడండి. రెండు నిమిషాలు నిండేసరికి ఆపేయండి. అంత మేత పట్టే చిన్న చెంచా ఒకటి డబ్బాలోనే ఉంచి, ఇకపై దానితోనే వేయండి. చిటికెడు అన్న కొలత ఇంట్లో ఒక్కొక్కరి వేళ్లకు ఒక్కో రకంగా ఉంటుంది. అంతకంటె ముఖ్యం, మేత వేసే బాధ్యత ఒక్కరికే అప్పగించడం.

గుళికల పరిమాణం కూడా చూసుకోవాలి. గప్పీ నోరు చిన్నది, పైకి తిరిగి ఉంటుంది. నీటి ఉపరితలం మీద తేలేదాన్ని అందుకోవడానికే అది అలా అమరింది. గోల్డ్ ఫిష్‌కు అమ్మే పెద్ద గుళికలను అది నోట్లో వేసుకుని ఉమ్మేస్తుంది, అవి అడుగుకు చేరి గులకరాళ్ల సందుల్లో కుళ్లుతాయి. ఎర్ర, ఆకుపచ్చ గుళికలను గోటితో నలిపి వేయండి, లేదా పల్చని రేకుల రూపంలో వచ్చే ఫ్లేక్స్ కొనండి. మాంసకృత్తులు 35 నుంచి 45 శాతం ఉండి, కొంత స్పిరులినా (ఒక రకం నీటి పాచి పొడి) కూడా కలిసిన మేత అయితే మంచిది. పెద్ద డబ్బా చవకగా వస్తుందని తీసుకోవద్దు. మూత తెరిచిన మేతలో విటమిన్లు, ముఖ్యంగా విటమిన్ సి, నెలలు గడిచేకొద్దీ నశిస్తాయి.

ఇక నీళ్లు తెల్లబడటం గురించి. మిగిలిపోయిన మేత మీద బ్యాక్టీరియా ఒక్కసారిగా పెరిగినందువల్ల వచ్చేదే ఆ తెలుపు. అది కంటికి కనిపించే భాగం మాత్రమే, కనిపించనిది అమోనియా. కుళ్లిన మేత నుంచి, చేపల విసర్జన నుంచి పుట్టే అమోనియాను ఫిల్టర్ స్పాంజిలో స్థిరపడిన మేలు చేసే బ్యాక్టీరియా ముందు నైట్రైట్‌గానూ, తర్వాత నైట్రేట్‌గానూ మారుస్తుంది. కాని ఆ బ్యాక్టీరియాకు ఒక పరిమితి ఉంటుంది, మేత ఒక్కరోజులో రెట్టింపైతే అది అందుకోలేదు. మీ బోరు నీటి విషయం ఇక్కడే పట్టించుకోవాలి. హైదరాబాద్ బోరు నీళ్లు సాధారణంగా కఠినంగా ఉంటాయి, ఆ గుణం గప్పీలకు ఎంతో అనుకూలం. అయితే పీహెచ్ (నీటి ఆమ్ల, క్షార గుణాన్ని తెలిపే కొలత) ఒక అంకె పెరిగితే అమోనియాలో విషరూపంలో ఉండే వాటా దాదాపు పది రెట్లు పెరుగుతుంది; నీటి వేడి పెరిగినా ఆ వాటా పెరుగుతుంది. కాబట్టి పీహెచ్ 7 ఉన్న నీటిలో చేపలు తట్టుకోగలిగే పొరపాటును, పీహెచ్ 8 ఉన్న బోరు నీటిలో, అందులోనూ ఎండాకాలంలో, తట్టుకోలేవు. ప్రస్తుతానికి ఒకరోజు మేత మానేసి, నాలుగోవంతు నీళ్లు మార్చి, అడుగున ఉన్న చెత్తను గొట్టంతో తీసేయండి. స్పాంజిని కుళాయి కింద కడగవద్దు. తొట్టిలోంచి తీసిన నీళ్లలోనే రెండు సార్లు పిండండి.

మరమరాల విషయంలో మీ నాన్నగారితో ఏకీభవించలేను. అవి దాదాపు పూర్తిగా పిండిపదార్థమే, నీటిలో నాని మెత్తబడి విరిగిపోతాయి. గుడి కోనేట్లో చేపలకు వేస్తున్నారు కదా అని అడగవచ్చు. కోనేట్లో నీళ్లు లక్షల లీటర్లు ఉంటాయి, పైగా వాటిలో ఉండేవి వేరే జాతుల పెద్ద చేపలు.

జవాబు 2: ఉప్పునీరు (నెల్లూరు)

పై జవాబులో పిల్లల సంగతి మిగిలిపోయింది కనుక అది నేను రాస్తాను.

గప్పీ గుడ్లు పెట్టదు, ఈదగలిగే పిల్లలనే ఈనుతుంది. పుట్టిన పిల్ల ఆరేడు మిల్లీమీటర్ల పొడవు ఉండి, ఆ క్షణం నుంచే మేత వెతుక్కుంటుంది. దానికి రోజుకు నాలుగైదు సార్లు కొద్దికొద్దిగా మేత అందాలి; పెద్దవాటికి చెప్పిన రెండు పూటల నియమం దీనికి వర్తించదు. ఫ్లేక్స్‌ను రెండు వేళ్ల మధ్య మెత్తని పొడిగా నలిపి వేసినా పెరుగుతాయి. అయితే మొదటి మూడు వారాలు ఆర్టీమియా (ఉప్పునీటిలో బతికే రొయ్యలాంటి అతిచిన్న జీవి) పిల్లలు దొరికితే వాటి ఎదుగుదలలో, రంగులో వచ్చే తేడా స్పష్టంగా తెలుస్తుంది.

మా కోస్తాలో రొయ్య పిల్లల హేచరీలు ఎక్కువ కావడంతో ఆర్టీమియా గుడ్ల డబ్బాలు మాకు కొత్త కాదు. మీకు అంత పెద్ద డబ్బా అవసరం లేదు. అక్వేరియం దుకాణాల్లో చిన్న ప్యాకెట్లు దొరుకుతాయి. లీటరు నీటికి 25 నుంచి 30 గ్రాముల కల్లుప్పు కరిగించి, ప్లాస్టిక్ సీసాలో పోసి, అందులో పావు చెంచా గుడ్లు వేయండి. ఎయిర్ పంపు గొట్టం సీసా అడుగు దాకా పెట్టి, నీళ్లు ఆగకుండా తిరిగేలా గాలి వదలండి, పైన ఒక దీపం వెలగనివ్వండి. నీటి వేడి 28 డిగ్రీల దగ్గర ఉంటే ఒక రోజులో పొదుగుతాయి. చలికాలంలో ఒకటిన్నర రోజు పట్టవచ్చు. తర్వాత గాలి ఆపి పది నిమిషాలు కదపకుండా ఉంచితే ఖాళీ పెంకులు పైకి తేలుతాయి, నారింజ రంగు పిల్లలు అడుగుకు చేరతాయి. అడుగున ఉన్నవాటిని మాత్రమే సన్నని గొట్టంతో లాగి, పల్చని గుడ్డలో వడగట్టి, మంచినీటితో ఒకసారి కడిగి తొట్టిలో వదలండి. పెంకులు కలవకుండా చూడండి, అవి గప్పీ పిల్లలకు అరగవు, పేగులో అడ్డుపడతాయి. పొదిగిన వెంటనే వేయడం మంచిది. గంటలు గడిచేకొద్దీ ఆర్టీమియా తన ఒంట్లోని పచ్చసొన నిలవను తానే ఖర్చు చేసుకుంటుంది, ఆ మేరకు మేతలో సారం తగ్గుతుంది. మిగిలిన గుడ్ల ప్యాకెట్టును తేమ తగలని డబ్బాలో పెట్టి ఫ్రిజ్‌లో ఉంచండి. మా వైపు ఉక్కపోతలో బయట ఉంచితే కొద్దిరోజులకే సగం పొదగడం మానేస్తాయి.

ఉడికించిన కోడిగుడ్డు పచ్చసొన వేయమని చాలామంది చెబుతారు. పిల్లలు తింటాయి, నిజమే. కాని నీటిని అంత త్వరగా పాడుచేసేది మరొకటి లేదు. 45 లీటర్ల తొట్టికి నేను సిఫారసు చేయను.

జవాబు 3: మేడమీద చెరువు (వరంగల్)

ఆర్టీమియా దాకా ఎందుకండీ? గప్పీకి దోమ లార్వాను మించిన మేత లేదు. నూరేళ్లకు పైగా అనేక దేశాల్లో దోమల నివారణ కోసం గప్పీలను బావుల్లోనూ, నీటి తొట్లలోనూ వదులుతున్నారంటే అందుకే కదా. మేడమీద బకెట్టులో వర్షపు నీళ్లు ఉంటే వారంలో కావలసినన్ని దొరుకుతాయి. లేకపోతే దుకాణంలో అమ్మే ట్యూబిఫెక్స్ ఎర్ర పురుగులు తెచ్చి వేయండి, గప్పీలు విడిచిపెట్టవు.

జవాబు 4: కృష్ణాతీరం (విజయవాడ)

లార్వా మంచి మేత అన్న మాటలో సందేహం లేదు. దాన్ని ఇంట్లో పెంచడం మీదనే నా అభ్యంతరం. డెంగీని వ్యాపింపజేసే ఏడిస్ దోమ గుడ్లు పెట్టేది సరిగ్గా అలాంటి బకెట్టు నీళ్లలోనే. మన వేసవి, వానల వేడికి లార్వా వారం పది రోజుల్లో దోమగా మారి ఎగిరిపోతుంది, ఒక్కరోజు ఏరడం మరచినా నష్టం చేపలకు కాదు, ఇరుగుపొరుగు వారికి. ఎక్కడైనా కనబడిన లార్వాలను వడగట్టి వేయడం వరకు అభ్యంతరం లేదు. అప్పుడు కూడా వాటిలో తూనీగ లార్వాలు కలవకుండా చూసుకోవాలి, అవి గప్పీ పిల్లలనే పట్టి తింటాయి.

ట్యూబిఫెక్స్ పురుగులు మురుగు నీటి బురదలో పెరుగుతాయి. ఎంత కడిగినా వాటి పేగులోని మురికి పూర్తిగా పోదు, వాటితో పాటు రోగక్రిములు, పరాన్నజీవులు తొట్టిలోకి వస్తాయి. పురుగే వేయాలనుకుంటే ఎండబెట్టినవో, గడ్డకట్టించి అమ్మేవో బ్లడ్‌వార్మ్‌లు (దోమలాంటి ఒక ఈగ ఎర్రని లార్వాలు) వారానికి ఒకటి రెండు సార్లు వేస్తే సరిపోతుంది. మరొక పూట పాలకూర ఆకును మెత్తగా ఉడికించి గానీ, పచ్చిబఠాణీని ఉడికించి తోలు తీసి చిదిపి గానీ వేయండి. పాచి తినే అలవాటున్న పేగుకు ఆ పీచు అవసరం. రెండు గంటల తర్వాత మిగిలిన ముక్కలను తప్పక తీసేయాలి.

సంక్రాంతి ప్రయాణం గురించి మీరు దిగులు పడనవసరం లేదు. ఆరోగ్యంగా ఉన్న పెద్ద గప్పీలు వారం రోజులు మేత లేకుండా ఉండగలవు. తొట్టిలో పాచి, నాచు ఉంటే అవే గీరుకుంటాయి. వెళ్లే ముందు రోజు ఎక్కువ మేత వేయడం మాత్రం చేయకండి, నీళ్లు పాడైతే చూసేవారెవరూ ఉండరు. సెలవుల కోసమని అమ్మే తెల్లని మేత దిమ్మెలు కూడా చిన్న తొట్లలో కరిగి నీటిని చెడగొడతాయి. పిల్లలు మాత్రం అంతకాలం ఆగలేవు కనుక, రోజుకు ఒకటి చొప్పున చిన్న కాగితపు పొట్లాలు కట్టి పొరుగువారికి ఇవ్వండి. డబ్బా మాత్రం ఇవ్వకండి. పొట్లాలు ఇచ్చాక దాన్ని వాళ్లకు కనబడనిచోట పెట్టి వెళ్లండి.

గాజుతొట్టి (హైదరాబాద్)

అందరికీ కృతజ్ఞతలు. ఒకరోజు మేత ఆపి నీళ్లు మార్చాను, ఇప్పుడు తేటగానే ఉన్నాయి. మరొక్క సందేహం మిగిలింది: ఒక ఆడ చేప విసర్జన తెల్లగా, దారంలా సాగి వేలాడుతోంది. అది మేత ఆపినందువల్లనా, లేక రోగమా?

జవాబు 5: ఉప్పునీరు (నెల్లూరు)

మేత మానిన రోజున పేగు ఖాళీగా ఉండి జిగురు మాత్రమే బయటకు వస్తుంది, అది తెల్లగా కనిపించడం మామూలే. మళ్లీ మేత మొదలుపెట్టిన రెండు మూడు రోజుల్లో విసర్జన మేత రంగులోకి వస్తే వదిలేయండి. చేప తింటున్నా పొట్ట లోపలికి పోయి వెన్ను సన్నబడుతూ, తెల్లని దారం అలాగే కొనసాగితే పేగులో పరాన్నజీవులు ఉన్నట్లు అనుమానించి, దాన్ని వేరే తొట్టిలోకి మార్చండి. మలద్వారం దగ్గర ఎర్రని సన్నని పోగులు బయటకు పొడుచుకు వచ్చి కదులుతున్నట్లు కనబడితే అవి కమల్లానస్ పురుగులు. ఒక చేపలో ఉన్నాయంటే తొట్టి మొత్తానికి పాకి ఉంటాయని అనుకోవాలి. అవి మేత మార్చితే పోవు, లెవామిసోల్ వంటి పురుగుల మందు కావాలి, మోతాదు మాత్రం చేపల వైద్యం తెలిసిన పశువైద్యుడినే అడగండి.