అబూ సలేం 25 ఏళ్ల లెక్క ఎలా వేస్తారు? తెలిసినవాళ్లు చెప్పండి

నేను లా రెండో సంవత్సరం చదువుతున్నాను, మాది కర్నూలు. దావూద్ ఇబ్రహీం ముఠా మనిషిగా పేరుపడ్డ అబూ సలేం మా ఊరి అడ్రస్‌తోనే దొంగ పాస్‌పోర్ట్ తీసుకున్నాడని చిన్నప్పటి నుంచి వింటున్నాను. అందుకే సెమినార్‌కి ఈ కేసే తీసుకున్నాను.

1993 ముంబై పేలుళ్లలో 257 మంది చనిపోయారు. ఆ కేసులో 2017లో సలేంకి యావజ్జీవం పడింది. కానీ 25 ఏళ్లకు మించి జైల్లో ఉంచబోమని 2005లో అతన్ని అప్పగించిన పోర్చుగల్‌కు మన ప్రభుత్వం మాటిచ్చింది. ఆ 25 ఏళ్లు 2005 అక్టోబర్ 12 నుంచి లెక్కించాలని 2022లో సుప్రీంకోర్టు చెప్పింది.

నా సందేహం ఒక్కటే. సత్ప్రవర్తనకు ఖైదీలకు ఇచ్చే రెమిషన్ రోజుల్ని ఈ 25 ఏళ్లలోంచి తీసేయొచ్చా? లేక 2030 దాకా ఆగాల్సిందేనా? చనిపోయినవాళ్ల కుటుంబాలు గుర్తొస్తే తప్పు చెప్పకూడదని టెన్షన్‌గా ఉంది. క్రిమినల్ లాయర్లు ఎవరైనా ఉంటే దయచేసి వివరించండి.