గోదావరి మీది పాత వంతెనలు: భూకంపానికి బలపరచాలా, ఆ డబ్బు వరద పనులకే పెట్టాలా?

శ్రీధర్ (ఫ్రీమాంట్, కాలిఫోర్నియా)

2024 డిసెంబర్ 4 పొద్దున ఏడున్నర కావస్తుండగా ములుగు జిల్లాలో 5.3 తీవ్రతతో భూకంపం వచ్చింది కదా. హనుమకొండలో మా అమ్మ పొయ్యి కట్టేసి బయటికి పరుగెత్తింది. ఫోన్‌లో ఆమె చెప్పిన మొదటి మాట, "గూట్లో గిన్నెలన్నీ గలగలమన్నాయి రా" అని. నాకు మాత్రం వెంటనే భద్రాచలం పాత వంతెన గుర్తొచ్చింది. అది 1965 నాటిది. 1969 ఏప్రిల్‌లో ఆ చుట్టుపక్కలే 5.7 భూకంపం వచ్చేనాటికి ఇంకా కొత్తది. ఇప్పుడు అరవై దాటుతోంది.

అందుకే అడుగుతున్నాను. గోదావరి లోయ భూకంప పటంలో మూడో జోన్‌లో, అంటే ఒక మోస్తరు ముప్పు ఉన్న ప్రాంతంలో ఉంది. అక్కడి పాత వంతెనల మీద భూకంపం పేరుతో డబ్బు పెట్టాలా? పెట్టాలనే నేనంటాను.

నేను పనికి వెళ్లేది ఓక్లండ్. 1989 అక్టోబర్ 17 సాయంత్రం 5.04కి వచ్చిన భూకంపంలో అక్కడ రెండంతస్తుల సైప్రస్ ఫ్లైఓవర్ సుమారు రెండు కిలోమీటర్ల మేర కూలింది. పై రోడ్డు కింది రోడ్డు మీద పడి 42 మంది పోయారు. ఆ భూకంపంలో చనిపోయినవాళ్లు మొత్తం 63 మంది, అంటే మూడింట రెండొంతులు ఈ ఒక్క ఫ్లైఓవర్ దగ్గరే. ఆ సాయంత్రం బేస్‌బాల్ ఫైనల్ సిరీస్‌లో ఒక మ్యాచ్ ఉండి జనం టీవీల ముందు చేరారు కాబట్టి రోడ్డు మీద బండ్లు తక్కువ. భూకంప కేంద్రం అక్కడికి దాదాపు 90 కిలోమీటర్ల దూరంలో, శాంటా క్రూజ్ కొండల్లో ఉంది. అంత దూరం నుంచి వచ్చి ఇంత పని ఎలా చేసిందంటే, కింద నేల అలాంటిది. కంచం అంచు తడితే అన్నం ముద్ద కదలదు, గిన్నె తడితే గడ్డపెరుగు ఊగుతుంది. సముద్రపు బురద మీదున్న భాగం కూలింది. అదే డిజైన్‌తో గట్టి నేల మీదున్న భాగం నిలబడింది.

నా మనసులో ఉండిపోయింది ఇంకొకటి. 1971లో లాస్ ఏంజిలస్ వైపు శాన్ ఫెర్నాండో భూకంపంలో వంతెనలు కూలాక, రాష్ట్రమంతటా పాత వంతెనల జాయింట్లకు ఉక్కు తాళ్లు బిగించారు. సైప్రస్‌కూ 1977లో బిగించారు. కాలమ్స్ జోలికి మాత్రం వెళ్లలేదు. ఆ కాలమ్స్ 1950ల డిజైన్, లోపల నిలువు రాడ్లను చుట్టి పట్టే ఉక్కు రింగులు చాలా తక్కువ. చివరికి విరిగినవి అవే.

గోదారిగట్టు (రాజమండ్రి)

శ్రీధర్ బాబూ, నీ బాధ అర్థమైంది. నేను రోడ్లు భవనాల శాఖలో పనిచేసి రిటైరైనవాణ్ణి. కానీ కాలిఫోర్నియా కింద శాన్ ఆండ్రియాస్ పగులు ఉంది. మన కింద అలాంటిది లేదు. మన వంతెనకు ఏటా పరీక్ష పెట్టేది గోదారి. 2022 జూలైలో భద్రాచలం దగ్గర 71.3 అడుగులకు వచ్చింది. అంత వేగంగా పారే నీళ్లు పియర్ (వంతెనను మోసే స్తంభం) చుట్టూ సుడి తిరిగి ఇసుకను తవ్వేస్తాయి. వరద తగ్గాక ఆ గుంతలో మళ్లీ ఇసుక నిండుతుంది, పైకి చూస్తే ఏమీ జరగనట్టే ఉంటుంది. తాడుకి సీసపు గుండు కట్టి పడవలోంచి లోతు కొలిచేవాళ్లం. చేతిలో తాడు ఇంకా ఇంకా జారిపోతుంటే గుండె జారినట్టుండేది. ఉన్న కాసిని డబ్బులు ముందు దానికే పెట్టాలి.

ఇంకొక మాట. మన పాత వంతెనల పియర్లు చాలావరకు గోడల్లా దిట్టంగా ఉంటాయి, నది అడుగున బావిలా లోతుగా దింపిన పునాదుల మీద కట్టినవి. ఓక్లండ్‌లో సన్నటి కాళ్ల మీద రెండంతస్తులు నిలబెట్టిన రోడ్డుతో వాటిని పోల్చకూడదు.

మాధవి (క్యోటో)

బాబాయి గారూ, మీ అనుభవం ముందు నేను చిన్నదాన్ని. కానీ "మన దగ్గర రాదు" అనే మాట ఒక్కటీ ఒప్పుకోలేను. ఇక్కడ జపాన్‌లో కోబె జనం కూడా పెద్ద భూకంపమంటే టోక్యో వైపు వస్తుందనుకునేవాళ్లు. 1995 జనవరి 17 తెల్లవారుజామున 5.46కి వచ్చింది. 6,434 మంది చనిపోయారు. పియర్ల మీద ఎత్తుగా కట్టిన హాన్షిన్ ఎక్స్‌ప్రెస్‌వే అనే రోడ్డు 635 మీటర్ల పొడవున, 18 పియర్లతో సహా పక్కకు ఒరిగి పడుకుంది. ఆ పియర్లు సన్నటివి కావు, లావుగానే ఉంటాయి. లోపలి నిలువు రాడ్లలో కొన్నింటిని పైదాకా తీసుకెళ్లకుండా మధ్యలోనే ఆపేశారు, రింగులు తక్కువ వేశారు. రాడ్లు ఆగిన చోటే పగిలాయి.

సరిగ్గా ఏడాది ముందు, 1994 జనవరి 17న, లాస్ ఏంజిలస్‌లో నార్త్‌రిడ్జ్ భూకంపం వచ్చింది. అక్కడ కూలిన వంతెనల ఫొటోలు జపాన్ ఇంజనీర్లు చూశారు. మన కట్టడాలకు ఆ గతి పట్టదనే నమ్మకం ఇక్కడ అప్పటికి గట్టిగా ఉండేది.

నరేశ్ (కరీంనగర్)

పాత వంతెనల సంగతి సరే, కొత్తవి చూస్తున్నామా? నేను సైట్ ఇంజనీర్‌ని. రెండేళ్ల క్రితం ఒక చిన్న వంతెన పనిలో ఉన్నాను. రింగు చివర హుక్కును 135 డిగ్రీలు వంచి, కొస కాంక్రీట్ లోపలికి పోయేలా పెట్టాలి. మేస్త్రి 90 దగ్గరే ఆపేస్తున్నాడు. "సార్, ఇంకా వంచితే చేయి నొప్పెడుతుంది, ఒక్కోదానికి టైం పడుతుంది, ఎవరు చూస్తారు లోపల" అన్నాడు. నేను ఒక రింగు తీసుకుని అతని ముందే రెండు చేతులతో లాగాను. 90 డిగ్రీల హుక్కు విప్పుకుంది. రాడ్లను కప్పి ఉండే పైపొర కాంక్రీట్ రాలిపోతే భూకంపం కూడా దాన్ని ఇలాగే విప్పుతుందని చెప్పాను. నిలువు రాడ్లు అప్పుడు బయటికి వంగిపోతాయి. పక్క బెంచీ మీద కట్టినవన్నీ విప్పించి మళ్లీ కట్టించాను. కాంట్రాక్టర్ కోప్పడ్డాడు, రెండు రోజులు పని ఆగింది. మేస్త్రి రింగులు మళ్లీ వంచుతుంటే పక్కనే కూర్చున్నాను, కదల్లేదు.

గోదారిగట్టు

నరేశ్, నువ్వు చేసింది చాలా మంచి పని నాయనా. మాధవమ్మా, నేను రాదని అనలేదు. వరస ఏమిటో చెప్పాను. మన వంతెనల్లో భూకంపానికి భయపడాల్సింది పియర్ గురించి కంటే దాని తల గురించి. గర్డర్, అంటే స్లాబ్‌ను మోసే దూలం, కూర్చునే సీటు ఇరుకుగా ఉండి, ఆ రెంటి మధ్య ఆనికగా ఉండే బేరింగ్ తుప్పు పట్టి ఉంటే, పియర్‌కు ఏమీ కాకపోయినా స్లాబ్ జారుతుంది. 2001 జనవరి 26న భుజ్ భూకంపంలో కచ్‌కి వెళ్లే సూరజ్‌బారి వంతెనలో బేరింగులు దెబ్బతిన్నాయి. సాయం మోసుకెళ్లే లారీలకు అదే ముఖ్యమైన దారి.

శ్రీధర్

శాన్ ఫ్రాన్సిస్కోకూ ఓక్లండ్‌కూ మధ్య ఉన్న బే బ్రిడ్జి మీదా అదే జరిగింది బాబాయి గారూ. 1989లో పై అంతస్తులో 15 మీటర్ల ముక్క సీటు మీంచి జారి కిందపడింది. ఒకరు చనిపోయారు, వంతెన నెలరోజులు మూసేశారు. దాని తూర్పు భాగాన్ని పూర్తిగా కొత్తగా కట్టి తెరిచేసరికి 2013 అయింది. ఆ పనుల కోసం 1998 నుంచి టోల్‌లో డాలరు అదనంగా వసూలు చేశారు. నేనూ కట్టాను, సంతోషంగానే కట్టాను.

ఖర్చు గురించి మాత్రం ఒక లెక్క చెప్పాలి. 1994లో లాస్ ఏంజిలస్‌లో శాంటా మోనికా ఫ్రీవే వంతెన కూలినప్పుడు, అది బలపరచాల్సిన జాబితాలో అప్పటికే ఉంది. పని మొదలవ్వలేదు. కూలాక 140 రోజుల గడువిచ్చి, ఎన్ని రోజుల ముందు పూర్తిచేస్తే అన్ని రోజులకూ రోజుకు 2 లక్షల డాలర్ల చొప్పున బోనస్ అన్నారు. 66 రోజుల్లో కట్టేశారు. అంత డబ్బు అప్పుడు ఎలాగూ పెట్టారు కదా! కాలమ్స్‌కు ముందే ఉక్కు తొడుగులు వేసిన వంతెనలు అదే భూకంపంలో నిలబడ్డాయి.

మీరు చెప్పిన ఇసుక కోత గురించి నాదొక సందేహం. పునాది చుట్టూ ఇసుక పోయిన పియర్ భూకంపానికి ఇంకా ఎక్కువ ఊగదా?

గోదారిగట్టు

ఊగుతుంది. చుట్టూ పట్టు తగ్గింది కదా. అది నేను ముందే చెప్పాల్సిన మాట. అలాగైతే ఈ రెంటికీ వేర్వేరు బడ్జెట్లు అడగక్కర్లేదు. ఏటా వరద తగ్గాక జరిగే తనిఖీ ఫారంలో ఇంకో రెండు గళ్లు కలపమందాం: బేరింగ్ ఎలా ఉంది, సీటు వెడల్పు ఎంత. బేరింగ్‌ను నిచ్చెన వేసి చూడొచ్చు. సీటు వెడల్పుకు 1965 నాటి డ్రాయింగులు తీయాలి. నా దగ్గర ఒకటి రెండు నీలం ప్రింట్లు ట్రంకు పెట్టెలో ఉండాలి, ఆదివారం తీసి చూస్తాను. నరేశ్, నీ నంబర్ నాకు మెసేజ్ పెట్టు.