ఉద్దానం గుంటడు, మాట్లాడే ఎలుగు: బొమ్మ నోరు మాటకి కలవట్లేదు

ప్రశ్న:
లోకల్ కేబుల్ ఛానల్‌కి పిల్లల కథ తీస్తన్నాం, ఐదు నిమిషాలు. శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో, మందస దగ్గర జీడితోటలో ఎనిమిదేళ్ళ గుంటడికి మాట్లాడే ఎలుగుబంటి ఎదురవుతుంది. ఎలుగు స్పాంజి చేతిబొమ్మ. మాట ఒకచోట, నోరు ఒకచోట పోతంది. ఎడిటింగులో ఎంత జరిపినా కుదరట్లేదు. ఏటి చెయ్యాలి?

జవాబు 1:
ఎడిటింగులో సర్దేది కాదండీ అది. ఎలుగు మాటలు ముందే రికార్డు చేసి, బొమ్మ ఆడించేవారి చెవిలో ఇయర్‌ఫోన్‌తో వినిపిస్తూ షూట్ చెయ్యండి.

నోరు అచ్చుకి తెరవాలి. ప, ఫ, బ, భ, మలకి మూయాలి. "మాయమ్మ పిలుస్తంది" అంటే పెదాలు మూడుసార్లు కలుస్తాయి: మా ముందు, మ్మ దగ్గర, పి దగ్గర. ఈ మూడూ సరిగ్గా పడితే మిగతావి అటూఇటూ అయినా కన్ను పట్టుకోదు. మన మాటలు అచ్చుతో ముగుస్తాయి కదా, అందుకే కొత్తవాళ్ళు వాక్యం అయ్యాక కూడా నోరు తెరిచే ఉంచేస్తారు. మూసెయ్యాలి. నోరు తెరవడానికి బొటనవేలు కిందికి దించండి. పై నాలుగు వేళ్ళూ ఎత్తితే మాటమాటకీ తలకాయ ఎగురుతుంది.

సెకనుకి 25 ఫ్రేముల్లో మాట నోటికంటే రెండు ఫ్రేములు ముందు పడినా తెలిసిపోతుంది. వెనకబడితే కొంత నయం.

జవాబు 2:
నోటి సంగతి సరే, ఎలుగు మాత్రం వద్దు. ఉద్దానంలో అది నిజంగానే జీడితోటల్లోకి, ఊళ్ళోకి వస్తుంది, మీద పడుతుంది. దగ్గరకెళ్ళి పలకరించొచ్చని మన గుంటలకి టీవీలో చూపించకూడదు. మన జిల్లాలో పక్షులకి పేరుపడ్డ తేలినీలాపురం గూడబాతుని (పెలికాన్) పెట్టండి. ముక్కు అడుగు పొడవు, పైభాగం మీద నల్లచుక్కల వరుస. బొటనవేలు కొంచెం దించినా ముక్కు కొస బాగా తెరుచుకుంటుంది. కింది సంచికి పాత బనీను గుడ్డ వదులుగా కుట్టండి. బిగుతుగా కుడితే నోరు దానంతటదే మూసుకుపోతుంది.

ప్రశ్న అడిగినవారు:
గూడబాతే పెడతామండి. గుంటడు మాటిమాటికీ బొమ్మ వెనకున్న మనిషినే చూస్తన్నాడు.

జవాబు 1:
బొమ్మ కనుపాపలు ముక్కువైపు కాస్త లోపలికి అతికించండి, అప్పుడది గుంటడినే చూస్తున్నట్టుంటుంది. ఆడించేవారు నల్లబట్ట కప్పుకుని, గుంటడి కంటికి కిందుగా కూర్చోవాలి. పిల్లాడితో రోజుకి ఐదు గంటలు మించకూడదు, విశ్రాంతి లేకుండా మూడు గంటలు దాటకూడదు, కలెక్టరు అనుమతి కూడా కావాలి. అది చట్టం. అలిసిపోయాక చూపు ఎలాగూ నిలవదు, దగ్గర షాట్లు పొద్దున్నే తీసేయండి.