ఆమోసు 5:24: గొప్ప ప్రవాహమా, జీవనదా?

చదువరి: అగాథా క్రిస్టీ నవలల్లో నేరాలు ఛేదించే ముసలామె మిస్ మార్పుల్‌గా జోన్ హిక్సన్ చేసిన ‘నెమెసిస్’ (బీబీసీ, 1987) మళ్లీ చూశాను. నవలలో, ఒక నేరం తేల్చమని ధనికుడు రఫీల్ చనిపోయేముందు మార్పుల్‌కు రాసి ఉంచిన ఉత్తరంలో బైబిలులోని ఆమోసు ప్రవక్త మాట వస్తుంది కదా, దాని తెలుగు పాఠం వెంటాడుతోంది. ‘నీళ్లు పారినట్లు న్యాయము జరుగనియ్యుడి’ వరకు నోటికి వస్తోంది. ఆ తరువాత ‘జీవనదివలె’ అనా?

తాటాకు: కాదండీ. ‘గొప్ప ప్రవాహమువలె నీతిని ప్రవహింపనియ్యుడి.’

ఏటిగట్టు: ఉన్నది అదే, ఉండవలసింది మాత్రం జీవనది. హీబ్రూలో ‘నహల్ ఏతాన్’. ఆమోసు ఉన్న ఇశ్రాయేలు దేశపు వాగులు చాలావరకు వానలకు పొంగి వేసవికి ఇంకిపోతాయి. ఇంకనిదే ఏతాన్. 1611 నాటి ఇంగ్లీషు పాఠంలోని ‘మైటీ’ నుంచే మన ‘గొప్ప’ వచ్చిందని నా నమ్మకం. క్రిస్టీ ఎత్తి రాసిన పాఠంలో ‘ఎవర్‌లాస్టింగ్’ ఉంది, గమనించండి.

తాటాకు: ‘ఏతాన్’కు బలమైనది అనే అర్థమూ ఉంది, ‘గొప్ప’ను అంత తేలికగా తీసెయ్యలేం. నన్ను ఆపేది వేరే అక్షరం. ‘నీతిని’లో ఉన్న ‘ని’కి జోడుగా ‘న్యాయము’ పక్కన ‘ను’ ఎందుకు లేదు? న్యాయం తనంతట జరుగుతుంది, నీతిని మనం పారించాలి అనే తేడా చూపడానికే కదా!

ముత్యాలసరం: ‘ఇయ్యుడి’ రెండుచోట్లా ఉందండీ. రెండింటికీ అడ్డుపడవద్దనే అర్థం. జడవాచకాలకు ద్వితీయ బదులు ప్రథమ రావడం వ్యాకరణం ఒప్పుకున్నదే.

ఏటిగట్టు: హిక్సన్ నటజీవితమే జీవనదికి సాక్ష్యం. 1940లలో ఆమెను నాటకంలో చూసిన క్రిస్టీ, ఏనాటికైనా మీరే మార్పుల్ వేయాలని ఉత్తరం రాసింది. 1961 సినిమాలో మార్పుల్ మార్గరెట్ రూథర్‌ఫర్డ్, హిక్సన్‌ది ఇంటి పనిమనిషి పాత్ర. ఆ వేషం చేతికి వచ్చేసరికి 1984, వయసు 78. 1992 నాటికి పన్నెండు నవలలూ పూర్తిచేసింది. గొంతు పెంచకుండా హంతకుణ్ణి నిలదీసే ఆ నటనలో పొంగు లేదు, ఇంకడమూ లేదు.

చదువరి: వరుస మారడం కూడా విచిత్రమే. నవలల్లో కరీబియన్ దీవి కథ 1964, ‘నెమెసిస్’ 1971. గులాబీరంగు ఉన్ని కండువాతో అర్ధరాత్రి రఫీల్ ముందు నిలబడి ‘నేను నెమెసిస్’ (తప్పుకు శిక్ష వేసే గ్రీకు దేవత) అన్నది ఆ దీవిలోనే. బీబీసీ మాత్రం దాన్ని 1989లో తీసింది. చనిపోయిన రఫీల్ ఉత్తరమే మనకు ముందు అందింది!

ముత్యాలసరం: న్యాయం మాట వచ్చాక జాషువాను తలచుకోకుండా ఎలా? గుడిలోకి తనకు ప్రవేశం లేదు, గబ్బిలానికి ఉంది. అందుకే శివుడి చెవిన వేయమని దాని చేత కబురు పంపాడు. ఎవరి కంటా పడని ప్రాణి చేత న్యాయం అడిగించడమన్నది, అల్లికసూదులతో మూల కూర్చున్న ముసలామెకు హత్య గుట్టు తేల్చే పని అప్పగించడమన్నది ఒకే ఊహ అంటాను. ‘క్రీస్తు చరిత్ర’ రాసినవారి చెవిలో ఆమోసు మోగకుండా ఉంటాడా?

తాటాకు: జాషువా గారి మీద వేరే చర్చ పెట్టండి, తప్పక వస్తాను. ‘ని’కి జవాబు రాలేదు. ప్రథమ రావచ్చు సరే, ఒకే వాక్యంలో ఒకచోట వచ్చి మరోచోట రాకపోవడం ఎందుకు?

ఏటిగట్టు: అనువాదకుడి చెవి కోరిన లయ.

తాటాకు: లయ కోసమైతే ‘న్యాయమును’ అన్నా చెడదు. పాత ముద్రణలు ఇంట్లో ఉన్నవారు ఆ ఒక్క మాట చూసి చెప్పండి.