తేదీ లేని తాత్కాలిక బదిలీ: చేరకుండా కోర్టుకెళ్లొచ్చా?

ప్రశ్న – ఉద్దానం కండక్టర్:
అందరికీ నమస్కారం. విజయనగరం వైపు ఒక ఆర్టీసీ డిపోలో కండక్టర్లు చాలడం లేదనీసి నన్ను తాత్కాలికంగా అక్కడికి వేశారు. డిపోల పేర్లు వద్దు లెండి. ఆర్డర్‌లో ‘తదుపరి ఉత్తర్వులు వచ్చే వరకు’ అని ఉంది గానీ తేదీ లేదు. మా అత్తగారికి డయాలసిస్ నడుస్తోంది, తీసుకెళ్లేది నేనే. మన సమ్మతి లేకుండా డిప్యుటేషన్ (వేరే చోటికి తాత్కాలికంగా పంపడం) వెయ్యకూడదని మా వాళ్లొకరు అన్నారు. సిక్ లీవులో ఉండిపోయి హైకోర్టులో స్టే తెచ్చుకుంటే ఎలా ఉంటుంది? ఏటి చెయ్యమంటారు?

రిటైర్డ్ కంట్రోలర్, విజయనగరం:
సిక్ మాట మర్చిపో అమ్మా. గుజరాత్ విద్యుత్ బోర్డు ఉద్యోగి ఒకాయన బదిలీకి అభ్యంతరం రాసి పెట్టి, కొత్త చోట చేరకుండా ఉండిపోయాడు. ఉద్యోగం పోయింది. 1989లో సుప్రీంకోర్టు కూడా బోర్డు చేసింది సరైనదేనంది. అర్జీ పెట్టినంత మాత్రాన ఆర్డర్ ఆగదు.

ఇక సమ్మతి సంగతి. మనవాళ్లు ప్రతిదాన్నీ డిప్యుటేషన్ అనేస్తారు. సమ్మతి కావలసింది వేరే సంస్థకు పంపేటప్పుడు. ప్రభుత్వ సర్వీసు నిబంధనల్లో ఫండమెంటల్ రూల్ 110 చెప్పేది అదే. ఆర్టీసీ ఉద్యోగుల్ని ప్రభుత్వంలో కలిపిన 2019 చట్టంతో 2020 జనవరి 1 నుంచి మనమంతా ప్రజా రవాణా శాఖ ఉద్యోగులం. ఒకే శాఖలో ఈ డిపో నుంచి ఆ డిపోకు వేస్తే ఆ వాదన నిలవదు.

టెక్కలి డ్రైవర్:
ఇలా మెత్తగా ఉంటేనే నెత్తికెక్కుతారు. నేనైతే ముందు కేసే.

శ్రీకాకుళం బార్ జూనియర్:
అన్నయ్యా, కేసు వెయ్యొచ్చు, దేని మీద వేస్తామన్నదే ప్రశ్న. బదిలీ మార్గదర్శకాలు పాటించలేదన్న ఒక్క కారణం చాలదని 1993లో ఎస్.ఎల్. అబ్బాస్ కేసులోనే తేల్చేశారు. దురుద్దేశం ఉండాలి, లేదా చట్టబద్ధమైన నిబంధన మీరి ఉండాలి, లేదా సంతకం పెట్టిన అధికారికి ఆ అధికారమే ఉండకూడదు. శిక్ష వెయ్యలేక బదిలీ చేశారని చూపగలిగితే మాత్రం కోర్టు గట్టిగా పట్టుకుంటుంది. సోమేశ్ తివారీ కేసులో ఆకాశరామన్న ఉత్తరం ఆధారంగా చేసిన బదిలీని 2008లో సుప్రీంకోర్టు కొట్టేసింది.

మేడమ్ గారూ, మీ ఆర్డర్‌లో బలహీనమైన చోటు ఆ తేదీ లేకపోవడమే. తాత్కాలికమని రాసి ఏళ్ల తరబడి సాగదీస్తే అది మామూలు బదిలీయే కదా! దాన్నే పట్టుకుని అర్జీ రాయండి. గడువు ఎప్పటికి? మిమ్మల్నే ఏ లెక్కన ఎంచారు, మీకంటే జూనియర్లు డిపోలో ఉన్నారా? సీనియారిటీ పాత డిపోలోనే ఉంటుందా? టీఏ, డీఏ (ప్రయాణ భత్యం, దినభత్యం) ఇస్తారా? డయాలసిస్ కాగితాలు జత చెయ్యండి. రెండో కాపీ మీద అర్జీ అందినట్టు ఇన్‌వర్డ్ ముద్ర వేయించుకోకుండా ఆఫీసు గడప దాటొద్దు.

సంతకం ఎవరిదో కూడా చూడండి. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు మారాయి. పాలకొండ, సాలూరు ఇప్పుడు పార్వతీపురం మన్యంలో ఉన్నాయి. జిల్లా దాటించే ఆర్డర్ అయితే ఏ స్థాయి అధికారి ఇవ్వాలో అడగాల్సిందే. ఎంపిక జాబితా కోసం ఆర్టీఐ దరఖాస్తు వెయ్యండి, పది రూపాయలు. సమాధానానికి గడువు 30 రోజులు.

ఉద్దానం కండక్టర్:
చేరిపోతే ఒప్పేసుకున్నట్టు కాదా సార్? లాయరు ఫీజుకి కూడా చేతిలో అంత లేదు.

శ్రీకాకుళం బార్ జూనియర్:
జాయినింగ్ రిపోర్టులోనే ‘ఫలానా తేదీన ఇచ్చిన అర్జీలోని అభ్యంతరాలకు లోబడి చేరుతున్నాను’ అని ఒక వాక్యం రాయండి. ఆ రిపోర్టు కాపీ కూడా దాచుకోండి. అర్జీకి ఉలుకూ పలుకూ లేకపోతే రాజ్యాంగం 226 అధికరణ కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వెయ్యొచ్చు. ప్రభుత్వ ఉద్యోగుల కేసులు చూసే పరిపాలనా ట్రిబ్యునల్ మన రాష్ట్రంలో ఇప్పుడు లేదు కాబట్టి నేరుగా అక్కడికే. ఇలాంటి వాటిలో ఎక్కువగా వచ్చేది స్టే కాదు. ఇన్ని వారాల్లో అర్జీ పరిశీలించి, కారణాలు రాసి ఉత్తర్వు ఇమ్మంటారు. మీకు కావలసింది కూడా అదే, ఎందుకంటే కారణం కాగితం మీదకొస్తే దాన్ని సవాలు చెయ్యొచ్చు.

ఫీజు గురించి బెంగ వద్దు. 1987 న్యాయ సేవల చట్టం సెక్షన్ 12 ప్రకారం ఆదాయంతో పని లేకుండా మహిళలకు ఉచిత న్యాయ సహాయం ఉంది. శ్రీకాకుళంలో జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో అడగండి, హైకోర్టు కమిటీకి వాళ్లు రాస్తారు.

రిటైర్డ్ కంట్రోలర్, విజయనగరం:
రిలీవ్ అయ్యే ముందు టికెట్లు కొట్టే టిమ్ మిషను, క్యాష్ లెక్క అప్పజెప్పి రసీదు తీసుకో అమ్మా. లేకపోతే రేపు దాని మీద మెమో ఇస్తారు.