తకాయామా పాత ఊళ్లో రెండు గంటల గైడ్ నడక: పొద్దున్నా, మధ్యాహ్నమా?

కొత్తబాటసారి:
నవంబరు రెండో వారంలో జపాన్‌లో నాగోయా నుంచి తకాయామాకి ఒక్కరోజు ప్రయాణం. పెద్దవాళ్లం ముగ్గురం, అందులో అమ్మకి 66, మోకాళ్లు అంతంతమాత్రం. నాలుగేళ్ల పిల్ల, దాని స్ట్రోలర్. గైడ్‌తో రెండు గంటలు తిరిగితే చాలు. అడగాల్సినవి ఐదు: పొద్దున బుక్ చేయాలా, మధ్యాహ్నమా? ఉచితంగా వచ్చే వాలంటీర్ గైడ్ సరిపోతారా, డబ్బిచ్చి పెట్టుకోవాలా? స్ట్రోలర్ నడుస్తుందా? శాకాహారం దొరుకుతుందా? అదే రోజు గడ్డి కప్పుల ఇళ్ల పల్లె షిరకావా-గో కూడా కుదురుతుందా?

సందుగొందులు:
పొద్దునే. ఇందులో రెండో మాట లేదు. నాగోయా నుంచి వచ్చే హిదా ఎక్స్‌ప్రెస్ రైలుకి దాదాపు రెండున్నర గంటలు పడుతుంది, తొలి బండి ఎక్కినా దిగేసరికి పది దాటుతుంది. పొద్దుటి బజార్లు రెండూ మధ్యాహ్నం 12కి మూసేస్తారు. పదకొండున్నర నుంచే ఎర్ర ముల్లంగి ఊరగాయలు డబ్బాల్లోకి వెళ్లిపోతుంటాయి.

అసలు చిక్కు ఏమిటంటే, చాలా టూర్లు జిన్యా, అంటే పాతకాలపు ప్రభుత్వ కార్యాలయం, దగ్గర మొదలవుతాయి. అందులో 50 నిమిషాలు పోయాక బయటికొస్తే బజారు ఉండదు. కాబట్టి బుకింగ్ పెట్టేటప్పుడే వరస మార్చమని రాసెయ్యండి. స్టేషన్ తూర్పు ద్వారం నుంచి తిన్నగా కజిబషి వంతెన దాకా పది నిమిషాల నడక. అక్కడి నుంచి ఏటి ఒడ్డు వెంట మియాగావా బజారు. ఆ తర్వాత దక్షిణంగా దిగుతూ పాత చెక్క ఇళ్లుండే సన్మచి వీధులు, ఎర్ర వంతెన నకబషి, దాటితే జిన్యా. బజారు వంతెనకి ఉత్తరాన ఉంటుంది, అది చూసి వెనక్కి వచ్చాక మిగతా ఊరు ఉత్తరం నుంచి దక్షిణానికి ఒకే గీతలో అయిపోతుంది. జిన్యా ముందరి బజారు అప్పటికి ఎత్తేసి ఉంటుంది. అది చిన్నదే, పోతే పోయింది.

మోకాళ్ల సంగతి చెప్పారు కాబట్టి: హిగషియామా గుళ్ల బాట జోలికి వెళ్లకండి. మూడున్నర కిలోమీటర్లు, పైగా మెట్లు.

డాలస్ గోంగూర:
గైడ్‌ని మంచివాడిని పెట్టుకోండి, టిప్పు మాత్రం మర్చిపోకండి. 15 నుంచి 20 శాతం లెక్కేసి చివర్లో చేతిలో పెడితే సరిపోతుంది.

నిషికసాయ్ వాసి:
అయ్యా, దయచేసి ఈ సలహా ఇక్కడ పెట్టకండి. జపాన్‌లో టిప్పు లేదు. హోటల్లో బల్ల మీద చిల్లర వదిలేస్తే వీధి చివర దాకా పరిగెత్తుకొచ్చి తిరిగి ఇచ్చే దేశం అది. వాలంటీర్ గైడ్ చేతిలో నోటు పెడితే ఆయన పుచ్చుకోలేడు, కాదనడానికి నోరూ రాదు. అదొక ఇబ్బంది.

డాలస్ గోంగూర:
రెండు గంటలు మనతో నడిచిన మనిషికి ఉత్త చేతులతో దణ్ణం పెట్టి వచ్చేయమంటారా? మన మర్యాద ఇదేనా?

నిషికసాయ్ వాసి:
మర్యాద వాళ్లది చూడాలి, మనది కాదు. వాలంటీర్ గైడ్ విషయంలో లెక్క వేరేగా ఉంటుంది. నడకకి డబ్బు ఉండదు. కానీ ఆయన రానుపోను ఖర్చు, లోపలికి వెళ్లే చోట్ల ఆయన టికెట్, నడక భోజనం వేళ దాటితే ఆయన భోజనం, ఈ మూడూ మీవి. 20 శాతం లెక్కలు కట్టేవాళ్లు సరిగ్గా ఇదే మర్చిపోతారు. జిన్యా టికెట్ కౌంటర్ దగ్గర మనకి మాత్రం తీసుకుని ఆయన్ని పక్కన నిలబెడతారు. పెద్దలకి 440 యెన్లు, హైస్కూల్ వయసు దాకా ఉచితం. మీ ముగ్గురితోపాటు గైడ్‌కి కూడా కౌంటర్‌లో అడగండి. మినహాయింపు ఉంటే వాళ్లే చెప్తారు.

గరం చాయ్:
గోంగూరన్నా, గిట్ల ప్రతి దేశంల డాలస్ రూల్ పెడితే ఎట్లనే? అంత ఇయ్యాలనిపిస్తే మీ ఊరి మిఠాయి డబ్బా ఒకటి కాగితంల చుట్టి ఇయ్యి. దాన్ని రెండు చేతులతోని తీసుకుంటరు. రూపాయి ఖర్చు, పది రూపాయల మర్యాద.

డాలస్ గోంగూర:
ఆన్‌లైన్లో "ఫ్రీ టూర్" అని పెట్టి చివర్లో టిప్పులు అడిగేవి జపాన్‌లోనూ ఉన్నాయి. అవి టిప్పు మీదే బతుకుతాయి. అన్నీ తెలిసినట్టు మాట్లాడకండి.

నిషికసాయ్ వాసి:
ఉన్నాయి, ఒప్పుకుంటా. వాటి పేజీలోనే ఆ మాట రాసి ఉంటుంది. రాసి ఉంటే ఇవ్వండి, నోటు కవర్లో పెట్టి ఇవ్వండి. రాయకపోతే వద్దు. నేను మొదటి నుంచీ చెప్తున్నది ఇదే.

కంచుకాగడా:
టిప్పు గొడవ అవతల పెట్టండి. ముందు చూడాల్సింది లైసెన్సు. జపాన్‌లో డబ్బు తీసుకుని విదేశీయులకి వాళ్ల భాషలో ఊరు చూపించాలంటే జాతీయ పరీక్ష పాసై ఉండాలి. 1949 నుంచి చట్టం ఉంది. లైసెన్సు లేనివాడు డబ్బు తీసుకుంటే నేరం. ఈ రంగం లోతుపాతులు తెలిసినవాళ్లు ఇక్కడ తక్కువ కాబట్టి చెప్తున్నా.

సందుగొందులు:
లోతుపాతులు 2017తో ఆగిపోయాయి సార్. చట్టం మారి 2018 జనవరి నుంచి లైసెన్సు లేనివాళ్లు కూడా డబ్బు తీసుకుని గైడ్ చేయొచ్చు. "జాతీయ లైసెన్సు ఉన్న గైడ్" అనే పేరు వాడుకోవడం మాత్రం పరీక్ష పాసైనవాళ్లకే.

కంచుకాగడా:
నాణ్యత గురించి అన్నాను. పరీక్షలో జపాన్ చరిత్ర, భూగోళం ఉంటాయి. అవి చదివినవాడు చెప్పేదీ, కాగితం చూసి చదివేవాడు చెప్పేదీ ఒకటేనా?

గరం చాయ్:
"నేరం" అన్నది ఎవరు మరి, మీరు కాదా? మాట మార్చిన్రు.

కంచుకాగడా:
సరే, ఆ ముక్క పాతది. కానీ అసలు విషయం వినండి. జిన్యా అంటే ఏమిటో తెలియకుండా లోపల తిరిగితే అది చాపలు పరిచిన ఖాళీ గదుల వరస. షోగునేట్ (అప్పటి సైనిక ప్రభుత్వం) తరఫు అధికారులు ఏలిన ఇలాంటి కచేరీల్లో అసలు కట్టడం నిలిచి ఉన్నది దేశం మొత్తం మీద ఇదొక్కటే. 1692లో ఇక్కడ ఏలుతున్న కనమోరి వంశాన్ని వేరే సీమకి పంపించి, తకాయామా ఉన్న హిదా సీమ మొత్తాన్ని షోగునేట్ నేరుగా కలుపుకుంది. ఎందుకంటే ఇక్కడ అడవిలో కలప, కొండల్లో గనులు. తర్వాత 1969 దాకా ఇది ప్రభుత్వ ఆఫీసుగానే నడిచింది.

మంచి గైడ్ మూడు చోట్ల ఆపాలి. ఒకటి, చెక్కల్లో మేకు తలల్ని కప్పిన లోహపు బిళ్లలు. ఒక్కొక్కటీ ఎదురుగా చూస్తున్న కుందేలు ముఖం, చెవులు రెండూ పైకి. నడవాలో తల వంచుకుని పోయేవాడికి కనపడదు. రెండు, విచారణ జరిపే గులకరాళ్ల చోటు. మూడు, ధాన్యపు కొట్టు. పన్ను బియ్యంలోనే వసూలయ్యేది కదా, ఆ బస్తాల కోసం. పాత కోటని 1695లో పడగొట్టినప్పుడు ఈ కొట్టుని అక్కడి నుంచి విప్పి తెచ్చి ఇక్కడ నిలబెట్టారు. పైకప్పు చెక్క పలకలే, ఎగిరిపోకుండా పైన రాళ్లు పేర్చి ఉంటాయి. అక్కడ నిలబడి 1771లో మొదలై 1788 దాకా సాగిన ఓహరా రైతుల తిరుగుబాటు ఎత్తని గైడ్‌కి, లైసెన్సు ఉన్నా సరే, నేను మార్కులు వెయ్యను. భూమి కొలతలు మళ్లీ వేసి పన్ను పెంచబోతే పుట్టిన గొడవ అది.

సందుగొందులు:
ఇదిగో, ఇలా రాయండి సార్, చేతులెత్తి దణ్ణం పెడతాం.

ఉల్లిలేనివంట:
శాకాహారం ప్రశ్న ఎవరూ ముట్టుకోలేదు. కనపడని శత్రువు దషి. అంటే ఎండబెట్టిన చేప తురుముతో కాచిన నీళ్లు. సోబా నూడుల్స్ పులుసులో, మిసో సూపులో, ఉడికించిన కూరల్లో, చాలాసార్లు ఆకు మీద కాల్చే హోబా మిసోలో కూడా. "మాంసం లేదు" అని నిజాయితీగానే చెప్తారు, వాళ్ల లెక్కలో దషి మాంసం కాదు. అడగాల్సిన మాట: "కత్సువో దషి, హైత్తె ఇమస్ కా?" అవునంటే "హై". నమ్మకంగా తినగలిగేది వీధిలో కాల్చే మితరషి దంగో. టోక్యోలో, క్యోటోలో తియ్యటి పాకం పోస్తారు. తకాయామాలో చక్కెర ఉండదు, ఉత్త సోయా సాసే. బియ్యప్పిండి ఉండలు పుల్లకి ఐదు గుచ్చి, సోయాలో ముంచి నిప్పుల మీద కాలుస్తారు.

కంచుకాగడా:
మితరషి కాదు, మిదరషి. హిదా ప్రాంతంలో "ద" పలుకుతారు. దుకాణం బోర్డు మీద కూడా అలాగే ఉంటుంది.

ఉల్లిలేనివంట:
ఉండ అదే కదండీ. అన్నట్టు సోయా సాసులో కూడా దషి కలిపే దుకాణాలు ఉండొచ్చు, ఆ మాట అక్కడా అడగండి. ఇంకోటి, పుల్ల కొన్న దుకాణం ముందే నిలబడి తిని పుల్ల వాళ్లకే ఇచ్చేయండి. వీధిలో చెత్తడబ్బాలు కనపడవు. సోయా చుక్కలు పక్కవాళ్ల కోటు మీద పడతాయని తింటూ నడవడం అక్కడ ఎవరికీ నచ్చదు.

నిషికసాయ్ వాసి:
పెద్దావిడతో రెండున్నర గంటల రైలెందుకు? టోక్యో వస్తే కవగోయె చూడొచ్చు. ఇకెబుకురో నుంచి తోబు రైల్లో అరగంట. అదీ పాత ఊరే.

సందుగొందులు:
అడిగింది నాగోయా నుంచి, మీరు చూపించేది టోక్యో అవతల. అయినా ఆ రెంటికీ పోలిక ఏమిటి? కవగోయెవి 1893 మంటల తర్వాత మందపాటి మట్టిగోడలతో లేపిన కొట్లు, ముందర కార్ల రోడ్డు. తకాయామావి చెక్క ఇళ్లు, నల్లటి కటకటాల ముఖాలు, కిందికి వంగిన చూరు. మూరెడు దూరంలో నిలబడి చూడాల్సినవి. సాకె (బియ్యపు మద్యం) దుకాణం చూరుకి వేలాడే సుగి చెట్టు కొమ్మల బంతి చూడండి. కొత్త సాకె దిగినప్పుడు పచ్చ బంతి కడతారు, నెలలు గడిచేకొద్దీ గోధుమరంగుకి తిరుగుతుంది. నవంబరు రెండో వారానికి చాలా చోట్ల బాగా ముదిరిన రంగే.

నిషికసాయ్ వాసి:
కవగోయెలో గంట స్తంభం రోజుకి నాలుగుసార్లు మోగుతుంది, 6, 12, 3, 6. తకాయామాలో ఏముంది మోగేది?

గరం చాయ్:
ఏప్రిల్ 14, 15 తేదీలల్ల, అక్టోబర్ 9, 10ల ఊరి పండుగలకు పోయి అడుగు, ఏం మోగుతదో. వసంతంల 12 రథాలు, శరత్తుల 11. నవంబర్ల పోయేటోళ్లకు అవి దొరకయి, కానీ వాటి ఇండ్లు దొరుకుతయి. తెల్ల సున్నపు గోడ, సన్నగ, పొడుగు తలుపులు, మామూలు ఇండ్ల మధ్యన జిరాఫీ నిలబడ్డట్టు. గైడ్‌ని చూపియ్యమనుండ్రి, లేకుంటే ఏదో గోదాము అనుకొని దాటిపోతరు. లోపలి రథం చూడాలంటే రథాల ప్రదర్శనశాల యతై కైకాన్‌ల శరత్తు రథాలు నాలుగు మార్చి మార్చి పెడ్తరు. వాన చినుకు పడ్డా రథాలు బయటకు తియ్యరు, లక్క పూత పాడైతదని. పండుగ రోజు టూర్ బుక్ చేసేటోళ్లు గది యాదిల పెట్టుకోండ్రి.

మోడరేటర్:
కవగోయెకి వేరే చర్చ ఉంది. అటు వెళ్లండి.

కొత్తబాటసారి:
అందరికీ దణ్ణాలు. టిప్పు అర్థమైంది, దంగో అర్థమైంది, కుందేళ్లు కూడా అర్థమయ్యాయి. స్ట్రోలర్ గురించి ఒక్కరైనా చెప్తారా? షిరకావా-గో సంగతి?

సందుగొందులు:
షిరకావా-గోకి బస్సు ఒకవైపే 50 నిమిషాలు. రెండు గంటల నడక, భోజనం, అది, మళ్లీ నాగోయా రైలు, పిల్లతో వద్దు. వేరే రోజు పెట్టుకోండి.

స్ట్రోలర్ నడుస్తుంది, వీధి మధ్యలో. సన్మచి వీధులు చదునే. కానీ రెండు పక్కలా ఇళ్ల గడపల ముందు నీళ్లు పారే కాలవలుంటాయి, శీతాకాలంలో మంచు వాటిలోకి తోసేస్తారు. కొన్ని చోట్ల మూత ఉండదు. జనం ఎదురొచ్చి పక్కకి తప్పుకున్నారా, ముందు చక్రం అందులోకే. దుకాణాల్లోకి ఎత్తు గడపలు, మడిచి బయట పెట్టాలి. జిన్యాలో చెప్పులు విప్పి సంచిలో వేసుకుని చేత్తో మోస్తారు, కాబట్టి స్ట్రోలర్ గుమ్మం దగ్గరే. పిల్లని కట్టుకునే క్యారియర్ ఉంటే తెచ్చుకోండి.

ఉల్లిలేనివంట:
అమ్మగారికి మందం మేజోళ్లు, అడుగున జారని రకం. ఊరు 570 మీటర్ల ఎత్తులో ఉంది, నవంబరు పొద్దున జిన్యా చెక్క నడవా పాదాలకి మంచుగడ్డలా తగులుతుంది. మోకాళ్ల నొప్పికి చలి తోడైతే సగం గదులకే కూలబడతారు. విప్పడానికి వీలైన బూట్లు వెయ్యండి, లేసులు వద్దు.

డాలస్ గోంగూర:
ఆ మిఠాయి డబ్బా ఎంతలో ఉండాలి?

గరం చాయ్:
శాతం లెక్క మాత్రం వెయ్యకే అన్నా.

కంచుకాగడా:
నడక అయ్యాక టైము మిగిలితే కమి-ఇచినొమచిలో ఊరి మ్యూజియం ఉంది, టికెట్ లేదు. ఎక్కువమంది దాటిపోతారు. దుకాణాలు నాలుగు, ఐదింటికల్లా తలుపులు వేసేస్తాయి కాబట్టి కొనేవేవైనా ముందే కొనేయండి. జిన్యా నవంబరు నుంచి నాలుగున్నరకి మూత.

నిషికసాయ్ వాసి:
రైలెక్కాక సీట్లన్నీ వెనక్కి తిరిగి ఉన్నాయని కంగారుపడకండి, తిప్పకండి కూడా. గిఫు దాకా ఇరవై నిమిషాలు బండి అలాగే పోతుంది. అక్కడ దిశ మార్చుకుని తకాయామా లైన్లోకి తిరుగుతుంది, అప్పుడు సీట్లు సరైన వైపుకే ఉంటాయి. నాగోయాలోనే తిప్పుకున్నారంటే వెనక వరసవాళ్ల ఎదురుగా మోకాళ్లు తగులుతూ కూర్చోవాలి, గిఫులో మళ్లీ లేచి తిప్పాలి.

కొత్తబాటసారి:
పిల్లకి వెనక్కి కూర్చుంటే కడుపులో తిప్పుతుందండీ.

నిషికసాయ్ వాసి:
అయితే గిఫు దాటాకే పాలు పట్టండి.