ఆలపల్లి టేకుతో డేనిష్ వై కుర్చీ: కాగితం తాడు అల్లిక మూలల్ల ఎందుకు వంకర పోతది?

సిరొంచ_కొయ్యపని:
డెన్మార్క్ కుర్చీల రూపకర్త హాన్స్ వెగ్నర్ 1949ల గీసిన వై కుర్చీ (వీపు దిక్కు ఇంగ్లిష్ Y ఆకారం ఉంటది) తీరుది టేకుతో చేస్తున్నం. కూసునే చట్రం ముందు పట్టె 46 సెం.మీ., వెనుక పట్టె 36. కూసునే జాగ అల్లెటందుకు కాగితం తాడు (కాగితానికి పురి పెట్టి చేసింది) ఎంత పడ్తది? ముందు మూలల్ల అల్లిక వంకర పోతున్నది. కాగితం తాడుకు బదులు నులక నడుస్తదా అన్నా?

బల్లార్షా_పట్టెలు:
డెన్మార్క్ కుర్చీకి సుమారు 120 మీటర్లు పడ్తది. కొత్త చెయ్యి అయితే 140 తెచ్చుకో తమ్మీ. వంకరకు కారణం ఆ 10 సెం.మీ. తేడానే. ముందుగాల రెండు మూలలు నింపాలె, అటెన్కనే నాలుగు పట్టెల చుట్టుడు.

ఎడమ పట్టె లోపటి దిక్కు చిన్న మొలతోని తాడు కొట్టు. ముందు పట్టె మీదికెళ్లి కిందికి, నడుమల నుంచి పైకి, ఎడమ పట్టె మీదికెళ్లి మళ్ల కిందికి. ఆడికెళ్లి అడ్డంగ కుడి పట్టెకు పోయి, అది చుట్టి, ముందు పట్టె చుట్టి, కుడి పట్టె లోపట మొల కొట్టు. ఒక్కో వరుసకు రెండు మూలల్ల ఒక్కో పోగు పడ్తది. తేడాల సగం దిక్కుకు 5 సెం.మీ., తాడు మందం 3 మి.మీ. అంటే 16 వరుసలు. రెండు మూడు వరుసలకోసారి చెక్క ముక్క పెట్టి పోగులను దగ్గరికి కొట్టు, మూల 90 డిగ్రీలు ఉన్నదా గుణియతోని చూడు. పక్క పట్టెలు ముందే నిండితే, నడిమి సందును ముందు వెనుక పట్టెల మధ్య ఎనిమిది అంకె లెక్క అల్లి పూడ్చాలె.

గోదారి_గట్టు:
నులక వద్దు. మంచానికైతే వదులైనప్పుడు కాళ్ల దిక్కు తాడు గుంజి బిగిస్తం, దీనికి ఆ వీలే లేదు. అల్లేటప్పుడు ఎంత బిగువో అంతే. కాగితం తాడు సాగది, అందుకే అది. రెండో ప్రపంచ యుద్ధకాలంల సముద్రపు గడ్డి తాడు దిగుమతి కష్టమైతే దాని బదులు వచ్చిన సరుకే గానీ, యుద్ధం అయిపోయినంక వెగ్నర్, ఇంకో డెన్మార్క్ రూపకర్త బోర్గె మోగెన్సన్ దాన్నే పట్టుకున్నరు. నీళ్లల్ల నానబెట్టకు, పురి విడిపోతది. తడిగుడ్డతో ఒకసారి తుడిస్తే చాలు.

సిరొంచ_కొయ్యపని:
సమజైంది. వీపు ఆనుకునే వంపు పట్టె సంగతి?

బల్లార్షా_పట్టెలు:
అసలు దాంట్ల ఆవిరి పట్టి వంచుతరు. చిన్న దుకాణంల టేకుతో అది కష్టం. ఒకే పలకల కోస్తే కొసలకాడ చెక్క పోగు అడ్డం పడి విరుగుతది. వెగ్నర్ అదే 1949ల చేసిన గుండ్రటి కుర్చీ చూడు: వీపు పట్టెను ముక్కలు అతికి చేసిండు. మొదట్ల అతుకులు కనపడకుండ బెత్తం చుట్టిండు, తర్వాత రంపపు పండ్ల లెక్క ఒకదాంట్ల ఒకటి దిగే అతుకు పెట్టి బయటకే కనపడనిచ్చిండు. నాకైతే అదే నచ్చుతది. టేకుల నూనె ఉంటది కాబట్టి జిగురు పెట్టే ముందు థిన్నర్ గుడ్డతో తుడువు, లేకుంటే అతుకు ఊడొస్తది. పట్టెల అంచులు కూడ గుండ్రంగ చెయ్యి, పదునుంటే తాడును కోస్తది.